800 మీటర్లకి తక్కువ ధర స్కోప్: జూమ్ చూడాలా, టరెట్ చూడాలా?

కొత్తగురి
.308 బోల్ట్ రైఫిల్, 175 గ్రెయిన్ తూటా. కాగితం మీదా, ఇనప పలక మీదా 800 మీటర్ల దాకా కొట్టాలి. టార్గెట్ మాత్రమే, వేట లేదు. స్కోప్‌కి పెట్టగలిగింది రైఫిల్ ధరలో మూడో వంతు, అది దాటితే చిల్లిగవ్వ లేదు. రెండు చూసి పెట్టుకున్నాను. ఒకటి 5-20×50 (జూమ్ 5 నుంచి 20, ముందు అద్దం 50 మి.మీ.), 30 మి.మీ. ట్యూబ్, ఫస్ట్ ఫోకల్ ప్లేన్ (జూమ్‌తో పాటు లోపలి గురి గీతలూ పెరిగేది), 0.1 మిల్ క్లిక్కులు (మిల్ అంటే 100 మీటర్లకి 10 సెం.మీ.), ఎలివేషన్ (గురిని పైకీ కిందకీ జరిపే చోటు) మొత్తం 19 మిల్. రెండోది 4-16×44, అంగుళం ట్యూబ్, సెకండ్ ఫోకల్ ప్లేన్ (జూమ్ మారినా గీతలు మారనిది), పావు ఎంఓఏ క్లిక్కులు (ఎంఓఏ అంటే 100 మీటర్లకి 2.9 సెం.మీ.), మొత్తం 40 ఎంఓఏ, రెటికిల్‌లో (గురి గీతల్లో) మిల్ చుక్కలు. రెండోది తేలిక, అద్దం కూడా కాస్త తేటగా కనిపించింది. 800కి 16 జూమ్ సరిపోతుందా? ఇంకోటి, ఇప్పుడున్న స్కోప్‌తో 100లో బాగానే పడుతున్న గ్రూప్ (ఒకే గురికి కాల్చిన తూటాల గుంపు) 300 దాటాక పైకీ కిందకీ సాగుతోంది. స్కోప్ తప్పేనా?

మిల్‌డాట్_మావ
జూమ్ సంగతి తర్వాత. రెండోదాంట్లో రెటికిల్ మిల్, టరెట్ (గురిని క్లిక్కుల్లో జరిపే గుండీ) ఎంఓఏ. అక్కడే దాన్ని పక్కన పెట్టేయండి. తూటా ఒకటిన్నర మిల్ కింద పడిందని రెటికిల్‌లో చూశారనుకోండి, దాన్ని 3.44తో గుణించి, నాలుగుతో మళ్లీ గుణించి, 20 క్లిక్కులా 21 క్లిక్కులా అని గొణుక్కోవాలి. రెండూ మిల్ అయితే ఒకటిన్నర చూశాం, 15 క్లిక్కులు తిప్పాం, అయిపోయింది. రెండూ ఎంఓఏ అయినా ఇబ్బంది లేదు. కలగాపులగం మాత్రం వద్దు.

గాలివాటం
16 చాలా అని కాదు, 10 చాలదా అని అడగండి. అమెరికా సైన్యం 1988లో తీసుకున్న ఎం24 రైఫిల్ మీద ఉన్నది ఫిక్స్‌డ్ 10 జూమ్ స్కోపే. ఎక్కువ జూమ్‌లో పెద్దగా కనిపించేది టార్గెట్ ఒక్కటే కాదు. మీ గుండె దడ, నేల మీంచి లేచే వేడి సెగ, అన్నీ పెద్దవవుతాయి. ఎండ ముదిరాక 20 మీద పెడితే టార్గెట్ నీళ్లలో ఉన్నట్టు ఊగుతుంది. 12కి దించితే నిలబడుతుంది.
వెలుతురు లెక్క కూడా చూసుకోండి. ముందు అద్దం కొలతని జూమ్‌తో భాగిస్తే కంటికి వచ్చే వెలుగు చుక్క వెడల్పు. 50ని 20తో భాగిస్తే 2.5 మి.మీ. 12 మీద 4 మి.మీ. పైనే. ఆ చుక్క సన్నబడేకొద్దీ బొమ్మ మసకేస్తుంది, తల అటూ ఇటూ పిసరు కదిలినా నల్లటి నీడ వచ్చేస్తుంది.

ఎండమావి
ఇనప పలకకి మీ మాట ఒప్పుకుంటా. కాగితానికి ఒప్పుకోను. ఎఫ్-క్లాస్ (పడుకుని, రైఫిల్‌ని ఆధారం మీద పెట్టి దూరం కొట్టే పోటీ) వాళ్లు 30, 40 జూమ్ వాడేది ఊరికే కాదు. అమెరికా రైఫిల్ సంఘం ఎన్‌ఆర్‌ఏ వాళ్ల 1000 గజాల ఎఫ్-క్లాస్ టార్గెట్‌లో పది రింగు 10 అంగుళాలు, లోపలి ఎక్స్ రింగు 5 అంగుళాలు. గాలికి పక్కకు పట్టేటప్పుడు ఏ రింగు అంచు మీద పట్టామో స్పష్టంగా తెలియాలి. పైగా సెగ ఎటు పారుతోందో చూసి గాలి అంచనా వేసేది ఆ జూమ్‌లోనే. సెగ శత్రువు కాదు, చదవడం వస్తే జెండా కన్నా మేలు.

గాలివాటం
చదవడం వస్తే.

పొడుగుగొట్టం
కొత్తగా మొదలెట్టేవాడికి 40 జూమ్ ఇస్తే పక్క లేన్ టార్గెట్‌ని ఎంతో స్పష్టంగా చూసి దానికే కొడతాడు.

క్లిక్కుల_లెక్క
ఎవరూ అసలు లెక్క అడగడం లేదు. 800 మీటర్లకి ఎంత డయల్ చేయాలి (టరెట్ తిప్పాలి)? 175 గ్రెయిన్ తూటా సెకనుకి 790 మీటర్ల దాపున బయల్దేరితే, 100 మీటర్ల జీరో (తూటా సరిగ్గా గురి మీదే పడేలా పెట్టుకున్న దూరం) నుంచి 800కి సుమారు ఎనిమిదిన్నర మిల్. రేపు 1000 మీటర్లు వెళ్లాలనిపిస్తే 13 దాకా పోతుంది.
ఇప్పుడు స్కోప్ వైపు. మొత్తం 19 మిల్ అని రాశారంటే పైకి 19 అని అర్థం కాదు. మధ్య నుంచి పైకి సగం, కిందకి సగం. అంటే తొమ్మిదిన్నర. బేస్ (స్కోప్ కింద రైఫిల్‌కి బిగించే పట్టీ) పిసరు వంకర ఉంటే జీరో చేసేటప్పుడే అందులో ఒకటో రెండో పోతాయి. అప్పుడు 800కే టరెట్ గోడకి కొట్టుకుంటుంది. అంగుళం ట్యూబ్ సంగతి ఇంకా అన్యాయం. 40 ఎంఓఏలో సగం 20, అంటే 5.8 మిల్. 600 దాటదు.
అందుకే 20 ఎంఓఏ వాలు రెయిల్, అంటే ముందుకి వాలిన బేస్. 20 ఎంఓఏ అంటే 5.8 మిల్. అది పెడితే మొదటి స్కోప్‌కి పైకి 15.3, కిందకి 3.7 మిగులుతుంది. 1000కి కూడా చాలు. 30 మి.మీ. ట్యూబ్ వెలుతురు కోసమని కొందరు అనుకుంటారు, నిజానికి లోపలి గొట్టం కదలడానికి చోటు కోసం.

కొత్తగురి
అంగుళం ట్యూబ్‌కి కూడా ఆ రెయిల్ పెట్టేస్తే 40 ఎంఓఏ మొత్తం పైకే వస్తుంది కదా?

క్లిక్కుల_లెక్క
కాగితం మీద వస్తుంది. అప్పుడు కిందకి సున్నా. బేస్ వంకర అటు వైపు ఉందంటే 100 మీటర్ల జీరో అసలు దొరకదు, తూటా పైనే పడుతుంది. పైగా చివరి అంచుల్లో స్కోప్‌ని నమ్మకూడదు. లోపలి గొట్టాన్ని టరెట్ ఒక పక్క నుంచి నెడితే, స్ప్రింగ్ ఎదురు పక్క నుంచి తోస్తుంది. ప్రయాణం చివర స్ప్రింగ్ బలం మారిపోతుంది, చౌక స్కోపుల్లో క్లిక్ వినిపిస్తుంది కానీ రెటికిల్ కదలదు.
ఇంకో మెలిక. గొట్టం గుండ్రం. విండేజ్ (గురిని పక్కలకి జరిపే టరెట్) బాగా ఒక పక్కకి తిప్పి ఉంటే ఎలివేషన్‌కి ఉన్న చోటు తగ్గిపోతుంది. జీరోకి విండేజ్ 3 మిల్ తిప్పాల్సి వచ్చిందంటే ముందు బేస్, రింగులు (స్కోప్‌ని పట్టే కడియాలు) సరి చేయండి.

మిల్‌డాట్_మావ
పై పోస్టుకి చిన్న చేర్పు: వాలు రెయిల్‌లో ఎత్తు వైపు వెనక్కి రావాలి, కంటి వైపుకి. తిరగేసి బిగించి జీరో దొరకడం లేదని స్కోప్ వెనక్కి పంపేవాళ్లున్నారు.

పొడుగుగొట్టం
ఆడలేక మద్దెల ఓడు. పాపం మద్దెల.

నిలకడ
ఫస్ట్ ఫోకల్, సెకండ్ ఫోకల్ గురించి ఎవరూ ఎత్తలేదేం? తక్కువ ధరలో ఫస్ట్ ఫోకల్ కొంటే తక్కువ జూమ్‌లో రెటికిల్ సాలెగూడు దారంలా సన్నబడి కనపడదు, ఎక్కువ జూమ్‌లో తాడులా లావెక్కుతుంది. గీత మందం 0.06 మిల్ అయితే 800 దగ్గర 5 సెం.మీ. మూసేస్తుంది. కాగితానికి సెకండ్ ఫోకలే మేలు, సన్నటి చుక్క ఎప్పుడూ సన్నగానే ఉంటుంది.

మిల్‌డాట్_మావ
సన్నగానే ఉంటుంది, అబద్ధం కూడా చెబుతుంది. సెకండ్ ఫోకల్‌లో రెటికిల్ కొలత ఒక్క జూమ్ దగ్గరే నిజం, మామూలుగా గరిష్ఠ జూమ్ దగ్గర. 20 దగ్గర సరైన కొలత ఉన్న స్కోప్‌ని 10కి దించితే 1 మిల్ గీత 2 మిల్ అయి కూర్చుంటుంది. గాలికి 2 మిల్ పట్టాలనుకుని గీత మీద పడితే నిజానికి 4 మిల్ పట్టినట్టు. 800 దగ్గర ఆ తేడా 1.6 మీటర్లు. సెగకి జూమ్ దించమని గాలివాటం గారు చెప్పింది సరిగ్గా ఆ సమయంలోనే.

నిలకడ
దూరం ముందే తెలిసిన చోట ఎలివేషన్ డయల్ చేస్తాం, గాలి కూడా డయల్ చేయొచ్చు. రెటికిల్‌తో కొలిచే పనే లేదు.

గాలివాటం
ఎలివేషన్ డయల్, గాలి హోల్డ్ (టరెట్ తిప్పకుండా రెటికిల్ గీతతో పక్కకి పట్టడం). ప్రతి గాలి మార్పుకీ విండేజ్ టరెట్ తిప్పుతూ కూర్చుంటే జీరో ఎక్కడుందో మర్చిపోతారు. సెకనుకి నాలుగున్నర మీటర్ల అడ్డగాలి ఈ తూటాని 800 దగ్గర సుమారు 2 మిల్ నెడుతుంది. గాలి సగానికి పడితే 1 మిల్. తూటా తూటాకీ మారేదాన్ని టరెట్‌తో తరుముకోలేం.

ఎండమావి
ఇద్దరూ రైటే. కాగితం ఒక్కటే అయితే సెకండ్ ఫోకల్, ఎనిమిదో వంతు ఎంఓఏ క్లిక్కులు. దూరాలు మారే ఇనప పలకలైతే ఫస్ట్ ఫోకల్. కొత్తగురి గారు రెండూ అన్నారు కాబట్టి ఫస్ట్ ఫోకల్ తీసుకుని, మధ్యలో ఖాళీ వదిలి చుక్క పెట్టిన రెటికిల్ ఎంచుకోవడం మంచిది. కింద క్రిస్మస్ చెట్టులా చుక్కల గుంపు ఉన్నవి చూడ్డానికి గొప్పగా ఉంటాయి, తూటా ఎక్కడ పడిందో ఆ చుక్కల వెనకే దాక్కుంటుంది.

టార్క్_రెంచి
అసలు ప్రశ్నలో చివరి ముక్క అందరూ వదిలేశారు. 100లో బాగుండి 300 దాటాక నిలువుగా సాగుతోందంటే, కొత్త స్కోప్ కొనేముందు ఇవి చూడండి. రైఫిల్ ఖాళీగా ఉందని చూసి, బోల్ట్ తీసేసి.
మొదట యాక్షన్ స్క్రూలు (రైఫిల్ ఇనప భాగాన్ని కింది కట్టెకి బిగించేవి). వదులైతే గ్రూప్ అన్ని వైపులా చెదురుతుంది, కొన్నిసార్లు నిలువుగానే. తర్వాత బేస్ స్క్రూలు. బేస్ వదులుగా ఉందో లేదో చేత్తో ఊపితే తెలియదు. రింగులు తీసి, రెంచితో ఒక్కో స్క్రూ చూడాలి. కింద నూనె ఉంటే తుడిచేసి, సన్నగా నీలం లాక్‌టైట్ (మర వదులవకుండా పట్టే జిగురు) వేసి బిగించండి.
రింగు టోపీల స్క్రూలు 15 నుంచి 18 అంగుళ-పౌండ్లు, అంటే 1.7 నుంచి 2 న్యూటన్-మీటర్లు. అంతే. స్కోప్‌తో వచ్చిన కాగితంలో ఇంకా తక్కువ రాసి ఉంటే దాన్నే పాటించండి. ఎక్స్ ఆకారంలో ఒక్కోటి కొంచెం కొంచెం బిగిస్తూ, రెండు పక్కలా సందు సమానంగా ఉంచాలి. ఒక పక్క పూర్తిగా బిగించి రెండో పక్కకి వస్తే టోపీ స్కోప్‌ని తిప్పేస్తుంది, నిట్టనిలువుగా పెట్టిన రెటికిల్ పక్కకి వాలిపోతుంది. రింగు స్క్రూలకి లాక్‌టైట్ వద్దు. మర తడిగా ఉంటే అదే టార్క్‌కి పట్టు ఎక్కువ పడుతుంది, ట్యూబ్ నొక్కుకుపోతుంది.
ట్యూబ్ నొక్కుకుందని ఎలా తెలుస్తుంది? జూమ్ రింగు గానీ పారలాక్స్ గుండీ (టార్గెట్ దూరానికి బొమ్మని సర్దే పక్క గుండీ) గానీ బిగించకముందు కంటే గట్టిగా తిరుగుతుంది. అప్పుడే వదులు చేయండి.
బిగించాక రింగు పక్కన ట్యూబ్ మీద సన్న టేపు ముక్క అంటించండి. 20 తూటాల తర్వాత టేపుకీ రింగుకీ మధ్య వెంట్రుకంత సందు కనిపిస్తే స్కోప్ జారుతున్నట్టు. స్క్రూ తల మీంచి రింగు మీదకి ఒక రంగు గీత గీస్తే అది తిరిగిందో లేదో కూడా తెలిసిపోతుంది.

పొడుగుగొట్టం
రింగుల్ని లోపల గరుకు పేస్టుతో రుద్ది సాఫీ చేయాలి అంటారు కదా?

టార్క్_రెంచి
రెండు విడి రింగుల్ని నాసిరకం బేస్ మీద పెడితే పనికొస్తుంది. ఒకే దిమ్మలో చేసిన మౌంట్‌కి అక్కర్లేదు. అలవాటు లేనివాళ్లు ఎక్కువ రుద్దేసి రింగు గుండ్రాన్నే పాడు చేస్తారు. కొండనాలుకకి మందేస్తే ఉన్న నాలుక ఊడినట్టు.

నిలకడ
నిలువుగా సాగడానికి తూటా వేగం తేడా కూడా కారణం కావచ్చు. పది తూటాల్లో సెకనుకి 10 మీటర్ల తేడా ఉంటే 300లో 2 సెం.మీ. దాపున కనిపిస్తుంది, 800కి అదే 15-20 సెం.మీ. అవుతుంది. ఏ స్కోపూ దాన్ని ఆపలేదు.

అద్దాలపిచ్చి
పారలాక్స్! ఇంతసేపూ ఆ పేరు ఎవరూ గట్టిగా ఎత్తకపోవడం చోద్యం. కొత్తగురి గారూ, ఇప్పుడున్న స్కోప్‌కి పక్కన మూడో గుండీ ఉందా? ముందు అద్దం చుట్టూ తిప్పే రింగైనా ఉందా?

కొత్తగురి
రెండూ లేవు. మామూలు 3-9×40.

అద్దాలపిచ్చి
అదే అయి ఉండాలి. అలాంటివి కంపెనీలోనే 100 గజాలకి కట్టేసి వస్తాయి. టార్గెట్ వేరే దూరంలో ఉంటే దాని బొమ్మా రెటికిలూ ఒకే పొర మీద ఉండవు. కన్ను నడిమధ్య నుంచి జరిగినంత మేర గురి కూడా జరుగుతుంది. ఎంత జరగొచ్చో లెక్క సులువే: ముందు అద్దంలో సగం, దాన్ని టార్గెట్ దూరానికీ పారలాక్స్ దూరానికీ ఉన్న తేడాతో గుణించి, పారలాక్స్ దూరంతో భాగించాలి. 40 మి.మీ. అద్దం, 100కి కట్టినది, 300 మీటర్ల టార్గెట్ అయితే 20 మి.మీ.ని 200తో గుణించి 100తో భాగించండి, 4 సెం.మీ. 800కి 14 సెం.మీ. ఇది కన్ను పూర్తిగా అంచుకి పోయినప్పటి లెక్క, కానీ చెంప ఆనించే చోటు తూటా తూటాకీ మారుతుంటే అందులో సగమైనా పడుతుంది. చెంప ఆనించడం పైకీ కిందకీ మారితే గ్రూప్ కూడా పైకీ కిందకీ సాగుతుంది. మీరు చెప్పిన లక్షణం అదే.
పక్క గుండీ ఉన్న స్కోప్‌లో దాన్ని సరిచేసే పద్ధతి: మొదట ఐపీస్ (కంటి వైపు అద్దం). స్కోప్‌ని ఖాళీ ఆకాశం వైపు పెట్టి, ఒక్క క్షణం చూసి రెటికిల్ నల్లగా పదునుగా కనిపించేదాకా ఐపీస్ తిప్పండి. ఎక్కువసేపు చూస్తే కన్ను తనే సర్దుకుని మోసం చేస్తుంది. చూడటం, పక్కకి తిప్పడం, మళ్లీ చూడటం. అది ఒకసారి కుదిరితే ఇక ముట్టుకోవద్దు. తర్వాత టార్గెట్ మీద పక్క గుండీ. గుండీ మీద రాసిన అంకెలు నమ్మకండి, చౌక వాటిలో 300 అని రాసిన చోట 220 ఉంటుంది. రైఫిల్‌ని సంచుల మీద కదలకుండా పెట్టి, చేయి తీసేసి, తలని పిసరు పైకీ కిందకీ ఆడించండి. రెటికిల్ టార్గెట్ మీద ఈదుతుంటే ఇంకా కుదరలేదు. ఈత ఆగిన చోటే సరైన చోటు. బొమ్మ పదును, ఈత రెండూ ఒకే చోట కుదరకపోతే ఐపీస్ తప్పుగా పెట్టినట్టు.

కొత్తగురి
ఇప్పుడే తల ఆడించి చూశాను. 300 మీటర్ల టార్గెట్ మీద రెటికిల్ చేపలా ఈదుతోంది.

పొడుగుగొట్టం
దొంగ దొరికాడు.

పంపుగన్ను
స్ప్రింగ్ ఎయిర్ రైఫిల్ మీద ఇదే 5-20 పెట్టొచ్చా? అడుగుతున్నది పక్కదారి పట్టించడానికి కాదు.

టార్క్_రెంచి
ఎయిర్‌గన్‌కి పనికొస్తుందని కంపెనీ స్పష్టంగా రాస్తేనే. మందు తుపాకీ వెనక్కి ఒక్కసారే తంతుంది. స్ప్రింగ్ గన్ మొదట వెనక్కి కదిలి, పిస్టన్ ఆగగానే ముందుకి ఎదురు తన్ను తంతుంది. మామూలు స్కోప్ లోపల అద్దాల పట్టు ఒక్క దిక్కుకే బలంగా ఉంటుంది, రెండో తన్నుకి ఊడుతుంది. రింగుల వెనక ఆపు పిన్ను కూడా తప్పనిసరి. పారలాక్స్ 10 గజాల దాకా దిగేది కావాలి, లేకపోతే దగ్గరి టార్గెట్ మసకే.

క్లిక్కుల_లెక్క
.22తో అలవాటు చేసుకోవాలనుకునే వాళ్లకి ఒక మాట. 50 గజాల జీరో నుంచి 200 గజాలకి దాదాపు 24 ఎంఓఏ, అంటే 7 మిల్ డయల్ చేయాలి. .308తో 700 మీటర్ల పైన చేసే పనంతా అక్కడే వచ్చేస్తుంది, తూటా ఖర్చులో వీసమెత్తుతో.

రసమట్టం
స్కోప్ నిలువు గురించి చెప్పకుండా ఈ చర్చ ముగిస్తే నా పేరుకే అవమానం. రైఫిల్ 3 డిగ్రీలు పక్కకి వాలితే, 8.5 మిల్ డయల్ చేసినప్పుడు 800 దగ్గర తూటా 36 సెం.మీ. పక్కకి పోతుంది. లెక్క: 8.5 మిల్ అంటే అక్కడ 6.8 మీటర్లు, దాన్ని 3 డిగ్రీల సైన్ 0.052తో గుణించండి. ఒక్క డిగ్రీకి 12 సెం.మీ. 3 డిగ్రీల వాలు కంటికి తెలియదు, ఏటవాలు నేల మీద అసలే తెలియదు. అందరూ దీన్ని గాలి ఖాతాలో రాసేస్తారు.
బిగించేటప్పుడు: రైఫిల్‌ని రెయిల్ మీద రసమట్టం పెట్టి సమం చేయండి. 50 మీటర్ల దూరంలో దారానికి బరువు కట్టి వేలాడదీయండి. రెటికిల్ నిలువు గీతని దారంతో కలపండి. టరెట్ టోపీ మీద రసమట్టం పెట్టి సమం చేయడం సరిపోదు, టోపీ చదునుకీ రెటికిల్‌కీ సంబంధం ఉండాలని ఎక్కడా లేదు. కలిశాక రింగులు బిగించి, మళ్లీ దారం చూడండి. తర్వాత ట్యూబ్‌కి బుడగ లెవెల్ బిగించి బుడగని మధ్యకి తెచ్చేయండి. ఇక ప్రతి తూటాకీ ముందు ఒక చూపు దాని మీదకి.
కంటి దూరం గరిష్ఠ జూమ్‌లో పెట్టుకుని, మీరు పడుకుని కాల్చే భంగిమలోనే సర్దండి. బెంచి మీద కూర్చుని సర్దితే పడుకున్నప్పుడు కన్ను ముందుకు పోయి నీడ వస్తుంది.

నిలకడ
పేర్లు చెప్పండయ్యా ఎవరైనా. 5-20 ఒక్కటేనా లోకంలో?

ఎండమావి
ఈ తరగతిలో తరచు వినపడేవి: వోర్టెక్స్ డైమండ్‌బ్యాక్ టాక్టికల్ 6-24×50, అథ్లాన్ ఆర్గోస్ బీటీఆర్ 6-24×50. రెండూ ఫస్ట్ ఫోకల్, 30 మి.మీ. ట్యూబ్. ఆర్కెన్ ఈపీ5 5-25×56 అయితే 34 మి.మీ. ట్యూబ్, జీరో స్టాప్ (టరెట్‌ని సున్నా దగ్గర ఆపే అడ్డు) ఉంది, బరువు మాత్రం కిలో దాటుతుంది. మోసుకుని నడవాల్సిన రైఫిల్‌కి వద్దు, బెంచికి పర్లేదు.

గాలివాటం
ఎస్‌డబ్ల్యూఎఫ్‌ఏ ఫిక్స్‌డ్ 10×42 మర్చిపోయారు. జూమ్ యంత్రాంగం లేదు, కాబట్టి పాడయ్యే భాగాలు తక్కువ, పెట్టిన డబ్బంతా టరెట్‌లోకి పోయింది. జీరో స్టాప్ లేదు, టరెట్ మీద ఒక చుట్టుకి 5 మిల్లే. 800కి రెండో చుట్టులో ఉంటారు. ఏ చుట్టులో ఉన్నారో మర్చిపోతే 5 మిల్ తేడా, 800లో 4 మీటర్లు.

పొడుగుగొట్టం
4 మీటర్లంటే టార్గెట్ కాదు, మట్టికట్ట కూడా దాటొచ్చు.

మిల్‌డాట్_మావ
అందుకే కాల్చడం అయిపోయిన వెంటనే టరెట్ సున్నాకి తేవడం అలవాటు చేసుకోవాలి, రైఫిల్ సంచిలో పెట్టే ముందు కాదు. పాత ఖరీదైన స్కోప్ సెకండ్ హ్యాండ్‌లో దొరికితే అదీ ఆలోచించండి. కొనేముందు టరెట్‌ని చివరి నుంచి చివరికి తిప్పండి. మధ్యలో ఎక్కడైనా క్లిక్ మెత్తబడినా, గట్టిపడినా వదిలేయండి. ట్యూబ్ మీద రింగు గుర్తులు గుంటలుగా ఉన్నా అంతే.

క్లిక్కుల_లెక్క
ఏది కొన్నా సరే, పొడవు టార్గెట్ పరీక్ష చేయకుండా 800కి వెళ్లొద్దు. ధర ఎంతైనా సరే.
ఒకటిన్నర మీటర్ల అట్ట. దారం బరువుతో కిందనుంచి పైకి నిలువు గీత. కింద గురి చుక్క. దూరం టేపుతో కొలవండి, రేంజిలో రాసిన బోర్డుని నమ్మకండి. 100 గజాలంటే 91.44 మీటర్లే. ఒక్క మీటరు తప్పితే ఫలితంలో ఒక శాతం తప్పు. సున్నా మీద 5 తూటాలు. తర్వాత 10 మిల్ పైకి డయల్ చేసి, అదే చుక్కకి గురిపెట్టి ఇంకో 5. మళ్లీ సున్నాకి తెచ్చి 5. సరిగ్గా 100 మీటర్లయితే రెండు గ్రూపుల మధ్యలకి దూరం 1000 మి.మీ. ఉండాలి. ఎంఓఏ స్కోప్‌కి 30 డయల్ చేస్తే 873 మి.మీ.
పైకి పోయిన గ్రూప్ నిలువు గీత నుంచి పక్కకి జరిగితే రెటికిల్‌కీ టరెట్‌కీ మధ్య వంకర ఉన్నట్టు. వెయ్యికి 17 మి.మీ. అంటే ఒక డిగ్రీ.

రసమట్టం
కాల్చకుండా కూడా చేయొచ్చు. రైఫిల్‌ని దిమ్మలో కదలకుండా బిగించి, 100 మీటర్ల దగ్గర నిలబెట్టిన కొలబద్ద వైపు చూస్తూ డయల్ చేయండి. పైకి డయల్ చేస్తే రెటికిల్ కిందకి దిగుతుంది, కొలబద్ద మీద ఎంత దిగిందో చదవడమే. తూటా ఖర్చు లేదు, గ్రూప్ చెదిరిన గొడవ లేదు.

క్లిక్కుల_లెక్క
కొలత ఖచ్చితంగా వస్తుంది, నిజమే. కానీ తన్ను లేకుండా పరీక్షిస్తే సగం పరీక్షే. చౌక స్కోప్ దిమ్మలో బుద్ధిగా నడిచి, పది తూటాల తన్ను పడ్డాక సున్నాకి తిరిగి రాకపోవడం మామూలే. దిమ్మలో కొలిచి, కాల్చి సరిచూడండి. రెండూ చేయండి.

నిలకడ
ఇంకోటి చూసుకోవాలి, కొన్ని స్కోపుల్లో ఎంఓఏ అని రాసి ఉన్నా లోపల 100 గజాలకి సరిగ్గా అంగుళం లెక్కన క్లిక్కులుంటాయి. నిజమైన ఎంఓఏ 1.047 అంగుళాలు. 36 ఎంఓఏ డయల్ చేస్తే 1.6 ఎంఓఏ తేడా, 1000 గజాల్లో 43 సెం.మీ. తక్కువ పడుతుంది. పొడవు టార్గెట్‌లో ఇదీ బయటపడుతుంది.

కొత్తగురి
5-20 తీసుకున్నాను, 20 ఎంఓఏ రెయిల్ మీద. దారం చూసి నిలువు పెట్టాను, రింగులకి 17 అంగుళ-పౌండ్లు, టేపు అంటించాను. 25 మీటర్లలో 2 సెం.మీ. కింద పడేట్టు పెట్టుకుని 100కి వెళ్తే మొదటి తూటానే కాగితం మీద పడింది. 100లో గ్రూప్ 6 సెం.మీ. కింద, 3 సెం.మీ. కుడికి. 6 క్లిక్కులు పైకి, 3 ఎడమకి, కుదిరింది. పొడవు టార్గెట్ దూరం టేపుతో 99.4 మీటర్లు వచ్చింది. 10 మిల్‌కి గ్రూపుల మధ్య 975 మి.మీ. పక్కకి జరిగింది 4 మి.మీ. సున్నాకి తిరిగి వచ్చిన గ్రూప్ మొదటిదాని మీదే ఉంది. స్కోప్ వెనక్కి పంపాలా?

క్లిక్కుల_లెక్క
99.4 మీటర్ల దగ్గర 10 మిల్ అంటే 994 మి.మీ. రావాలి. 975ని 994తో భాగిస్తే 0.981. దాదాపు రెండు శాతం తక్కువ నడుస్తోంది. ఉంచుకోండి. తప్పు ఉన్నా ఎప్పుడూ ఒకేలా ఉంటే అది లెక్కలో పోతుంది. సున్నాకి తిరిగి వచ్చింది, అది ముఖ్యం. బాలిస్టిక్ యాప్‌లో (తూటా దారి లెక్క కట్టేది) స్కోప్ సవరణ అనే చోట 0.981 వేయండి. యాప్ లేకపోతే చేత్తో: 8.6 మిల్ కావాలంటే 8.6ని 0.981తో భాగించి 8.8 డయల్ చేయండి. 5 మిల్ దగ్గర కూడా ఒకసారి పరీక్షించండి. అక్కడ 487 మి.మీ. చుట్టుపక్కల వస్తే తప్పు అంతటా ఒకేలా ఉన్నట్టు. 497 వచ్చిందంటే తప్పంతా పై సగంలోనే ఉన్నట్టు, అప్పుడు ఒక్క సవరణ పనికిరాదు, వెనక్కి పంపేయండి.

రసమట్టం
4 మి.మీ. అంటే పావు డిగ్రీ లోపే. ముట్టుకోవద్దు.

అద్దాలపిచ్చి
పారలాక్స్ గుండీ మీద అంకెలు తుడిచేసి, తల ఆడించి దొరికిన చోట్లు తెల్ల టేపు మీద మీరే రాసుకోండి. 100, 300, 500, 800. చలిలో ఒకసారి, ఎండలో ఒకసారి సరిచూడండి, కొంచెం జరుగుతాయి.

కొత్తగురి
5 మిల్ దగ్గర 489 వచ్చింది. 0.98 వేసి 800కి వెళ్తున్నా.

పొడుగుగొట్టం
బుడగ చూడటం మర్చిపోకు.